జోజెట్ పళ్ళతో విన్న చప్పుడు

మా ఊళ్ళో కరెంటు పోయాక అది రెండో చలికాలం. దక్షిణం నుంచి లారీలు రావడం ఎప్పుడో మానేశాయి. నలభై ఇళ్ళకీ సరస్సులో చేపలే తిండి, వాటిని పట్టడానికి మిగిలింది ఒక్క వల.

ఆ వల పడాలంటే మా మేనత్త కూతురు జోజెట్ చెవులు కావాలి. గడ్డకట్టిన సరస్సుకి కన్నం కొట్టి, నీళ్ళకి చిటికెడు పొగాకు సమర్పించి, తాడు కట్టిన చెక్కపలకను లోపలికి దింపుతాం. తాడు లాగినప్పుడల్లా పలకకున్న మీట మంచుగడ్డను అడుగు నుంచి తన్ని, దాన్ని ముందుకు నడిపిస్తుంది. ఆ టకటక విని, పలక ఆగిన చోటు పైనుంచి చూపించాలి. అక్కడ రెండో కన్నం కొట్టి, తాడు అందుకుని, దాంతో వలని మంచు కిందికి లాగి పరుస్తాం. ముప్పై ఏళ్ళలో జోజెట్ ఒక్కసారీ తప్పలేదు. పొగరూ దానికి తగ్గట్టే ఉండేది.

ఆ ఉదయం ఆమె చూపించిన చోట కొడితే నీళ్ళే కనిపించాయి. ఇంకోచోట కొట్టాం. అక్కడా అంతే. పలక వెనక్కి రాదు. దొరక్కపోతే వల వేసే దారే లేదు. గొడ్డలితో కన్నాలు కొడుతున్న మా ఊరి కుర్రాడు ఇసిడోర్‌కి ఒళ్ళు మండింది.

"ఏంటక్కా, సరస్సంతా జల్లెడ చేయిస్తావా?"

"ముసలిదైపోయింది, మంచమెక్కించండ్రా," అన్నాను నేను.

తిట్టు కోసం కాచుకున్నాను. ఆమె నావైపు చూసి ఊరికే నవ్వింది. ఏడాదిగా ఇదే వరస, నేనేమన్నా నవ్వి ఊరుకుంటోంది. నామీద కోపమేమోనని కుమిలిపోయాను గానీ, అసలు సంగతి అప్పుడు వెలిగింది. దగ్గరికెళ్ళి చెవిలో అరిచాను.

"నీకు వినబడట్లేదు కదే!"

ఆమె కళ్ళు నిండాయి. "చెప్తే ఇంట్లో కూర్చోబెడతారని భయమేసింది బావా. చెంచా పళ్ళకి తగిలితే మాత్రం బాగానే వినిపిస్తోంది."

అంటూనే ఆగింది. నా చేతికర్ర లాక్కుని, ఒక కొస మంచుగడ్డకి ఆనించి, రెండోది పళ్ళతో కరిచి పట్టుకుంది. లాగమని చెయ్యి ఊపింది. ఇసిడోర్ తాడు లాగాడు. జోజెట్ మోకాళ్ళ మీద పాకుతూ, కర్ర మార్చి మార్చి ఆనిస్తూ, ఒకచోట గుద్ది చూపించింది. కొట్టాం. ఎర్రరంగు పలక సరిగ్గా కిందే ఉంది! నేను గెంతులేశాను, జారి పడ్డాను కూడా.

మర్నాడు వల నిండా చేపలు. మా ఆనవాయితీ ప్రకారం మొదటి చేప, పలక ఆగిన చోటు విని చూపించినవాళ్ళది. జోజెట్ దాన్ని పక్కకి నెట్టేసింది.

"చెవులు చేసిన పని కాదుగా. ఇంకెవరికైనా ఇవ్వండి."

ఇసిడోర్ ఆమె చెవి దగ్గర నోరు పెట్టి అరిచాడు. "ఆనవాయితీ చెవికి కాదక్కా, మనిషికి! రేపూ నువ్వే రావాలి!"

ఆమె చేపను ఒళ్ళో పెట్టుకుని భోరుమంది. ఏడుస్తూనే అంది, "అందరూ పంచుకోండి, చేప తలకాయ మాత్రం నాదే. ఎవడైనా అడిగితే కరుస్తా."