పలకల కప్పు మీద నా అనుమానం

కరోనా రావడానికి ముందటేడాది వేసవి బదిలీల్లో నన్ను మార్కాపురం సబ్ డివిజన్‌కు డిప్యూటీ ఎగ్జిక్యూటివ్ ఇంజనీరుగా వేశారు. ఉద్యోగంలో అదే నా చివరి మకాం. చేరిన కొద్ది రోజులకే బల్ల మీదికి ఒక ఫైలు వచ్చింది. గిద్దలూరు దారిలో ఒక ఊరు, పేరు ఎందుకులెండి, అక్కడి పంచాయతీ పఠన మందిరం వాడుకకు పనికొస్తుందో లేదో తేల్చి సర్టిఫికెట్ ఇవ్వాలి. పనికొస్తుందని నేను సంతకం పెడితే తలుపులు తెరిచి ఉంటాయి. పనికిరాదంటే కూలగొడతారు.

నాకు అనుమానం జాస్తి. పాల ప్యాకెట్ మీద తేదీ కూడా నమ్మనని మా ఆవిడ ఇప్పటికీ ఆడిపోసుకుంటుంది. ఉద్యోగంలో మాత్రం ఆ గుణమే నన్ను చాలాసార్లు కాపాడింది.

ఆ మందిరానికి పెద్ద పేరుంది. కట్టించిన ఆర్కిటెక్టు ఆదినారాయణ గారు ఆ ఊరివాడే. పట్నంలో పేరు తెచ్చుకుని, వయసు మళ్లాక సొంతూరు చేరాడు. స్లాబు అడుగున సిమెంటు కనపడకుండా మన పలక రాయి బిళ్లలు తాపించాడు. గోడల్లోనూ నిలువు పలకలే, వాటి సందుల్లోంచి గాలి. బయట ఎండ నిప్పులు చెరుగుతున్నా లోపల ఫ్యాను లేకుండా కూర్చోవచ్చు. ఆర్కిటెక్చర్ చదివే పిల్లలు బస్సులు కట్టించుకుని వచ్చి ఫోటోలు తీసుకుపోయేవాళ్లు. ఊరికి మాత్రం దాని విలువ వేరు. కానిస్టేబులు, టీచరు పరీక్షలకు తయారయ్యే ఆడపిల్లలు పొద్దుటి నుంచి సాయంత్రం దాకా ఆ కప్పు కిందే ఉండేవాళ్లు. వాళ్లలో లక్ష్మి అనే అమ్మాయి నన్ను పట్టుకుని, "ఇది మూసేస్తే మేం యాడ చదివేది సార్? ఇంట్లో పుస్తకం పడితే గొర్రెలు తోలకపొమ్మంటారు" అంది.

ఫిర్యాదు చేసింది పక్కనే బట్టల దుకాణం నడిపే శ్రీనివాసులు శెట్టి. కప్పు నుంచి పలక బిళ్ల ఊడి బల్ల మీద పడిందని అర్జీ పెట్టాడు. మందిరం పోతే ఆ జాగాలో కాంప్లెక్స్ లేపుతాడని ఊళ్లో గుసగుసలు. నాకిక వేరే ఆధారం ఎందుకు? బిళ్లను ఎవరో గడ్డపారతో పెకిలించి ఉంటారని నిశ్చయించుకున్నాను.

అయినా పద్ధతి తప్పలేదు. స్తంభాల మీద రీబౌండ్ హ్యామర్ పెట్టి చూశాం. కాంక్రీటుకు ఆనించి నొక్కితే లోపలి స్ప్రింగు ఎంత వెనక్కి తన్నిందో చూసి గట్టిదనం అంచనా కట్టే పరికరం అది. అంకెలు బాగా వచ్చాయి. పలకలు తాపిన స్లాబుకు అది అందదు. గోడల్లో సన్నని బీటలున్నాయి. పునాది కుంగుతోందేమో తెలుసుకోవాలంటే బీటకు అడ్డంగా గాజు పట్టీ అతికించి కొన్ని వారాలు ఆగాలి. గోడ కదిలితే గాజు ఆ బీట వెంబడే విరుగుతుంది.

నెల తిరక్కుండానే పట్టీలన్నీ పగిలాయని మా అసిస్టెంట్ ఇంజనీరు ఫోన్ చేశాడు. వెళ్లి చూస్తే నవ్వూ కోపమూ ఒకేసారి వచ్చాయి. ఒక్కటీ బీట వెంబడి విరగలేదు. నడుమ దెబ్బ తిని, చుట్టూ సాలెగూడు మాదిరి చిట్లి ఉన్నాయి. ఎవరో పనిగట్టుకుని కొట్టారు. శెట్టిని పిలిపించి నిలదీశాను.

"నా బిడ్డ గూడ ఈడనే చదువుతాది సార్. గాజులు పగలగొట్టేదానికి నాకేం పట్టింది?" అన్నాడు.

అబ్బో, నటన కూడా వచ్చే అనుకున్నాను. ఏ గాజూ బీట వెంబడి విరగలేదు గనక పునాది కదల్లేదని తేల్చేసి, మందిరం నిక్షేపంగా ఉందని సర్టిఫికెట్ టైపు చేయించి, సంతకం అక్కడే పెడదామని మర్నాడు ఊరికి వెళ్లాను. పిల్లలు చప్పట్లు కొట్టారు. కలం తీశానో లేదో, వాకిట్లో ఆటో ఆగింది. ఆదినారాయణ గారు కర్ర ఊతంగా లోపలికి వచ్చి నన్ను బయటికి పిలిచాడు.

"సంతకం పెట్టొద్దు నాయనా. ఆ గాజులు పగలగొట్టింది నేనే" అన్నాడు.

తన కట్టడాన్ని తనే కూల్పించుకునే ఆర్కిటెక్టును నేనెక్కడా చూడలేదు. నా పాడు బుద్ధి అప్పుడూ ఊరుకోలేదు. శెట్టి ఈయన్ను కూడా లొంగదీశాడా అనుకున్నాను.

"స్లాబు పోసేటప్పుడు కరువు. ఓపెనింగుకు ముహూర్తం పెట్టేసినారు. బావిలో ఉన్నవి ఉప్పు నీళ్లు. ట్యాంకరొస్తే ఆడోళ్లు బిందెల కోసం కొట్లాడుకుంటాండ్రి. ఆ నీళ్లు నా స్లాబుకు పోయమని ఏ మొగంతో అడిగేది? ఉప్పు నీళ్లతోనే కలపమంటిని. అవి ఇనుమును తింటాయని నాకు తెలుసు. బిళ్ల ఊడిందని శెట్టి చెప్పినాడు, టైమొచ్చిందనుకుంటి."

మరి నేరుగా చెప్పొచ్చు కదా అని అడిగాను.

"పునాది కుంగిందంటే తప్పు నేలది. ఉప్పు నీళ్లంటే నాది. పిల్లోళ్లు బతకాల, నా పేరూ నిలవాలనుకుంటి. అట్ల కుదర్లేదు."

నాకు ఒళ్లు మండింది. "మీరు ఇంకో గంట ఆలస్యంగా వచ్చుంటే ఏమయ్యేది పెద్దాయనా?" అని గట్టిగానే అన్నాను.

నిచ్చెన వేయించి కప్పుకు ఉన్న బిళ్లలు కొన్ని తీయించాను. బిళ్లతోపాటు కాంక్రీటు పెచ్చు కూడా ఊడి వచ్చింది. లోపలి కమ్మీ గోటితో గీకితే పొరలుగా రాలింది. తుప్పుకు కమ్మీ ఉబ్బుతుంది, ఉబ్బి కాంక్రీటును కిందికి తోస్తుంది. శెట్టి చెప్పిన బిళ్ల ఊడింది అందుకే. స్తంభాలు కరువుకు ముందు, మంచినీళ్లతో పోసినవి. మా అంకెలు అందుకే బాగా వచ్చాయి.

అప్పటికప్పుడే పిల్లల్ని బయటికి పంపి తాళం వేయించాను. వాళ్లు చదువుకోవడానికి శెట్టి తన దుకాణం పైగది ఖాళీ చేసి ఇచ్చాడు. ఆయన మొహం చూడటానికి నాకు సిగ్గేసింది.

నివేదికలో కారణం రాయాల్సిన చోట ఉప్పు నీళ్ల సంగతి ఆదినారాయణ గారు తన చేత్తోనే రాసి సంతకం చేశాడు. రాసి ఊరుకోలేదు. అదే కరువులో ఆయన చేయించిన స్లాబులు తర్లుపాడు వైపు ఒకటి, కనిగిరి వైపు ఒకటి ఉన్నాయట. మా జీపులో వచ్చి రెండూ చూపించాడు. ఒకటి బాగానే ఉంది, ఒకటి తీసేయాల్సి వచ్చింది. ఆ తర్వాత ఆ ఊరికి ఫోటోల బస్సులు రాలేదు.

పఠన మందిరం కప్పు విప్పడానికి కూలీలు ఒక పక్క గునపం వేశారో లేదో, బల్లలుండే నడిమి భాగం దానంతటదే కూలింది. కింద ఎవరూ లేరు.

ఎవరు అబద్ధమాడారన్నది ఒక ప్రశ్న, కప్పు నిలుస్తుందా అన్నది మరో ప్రశ్న. మొదటిదానికి జవాబు దొరికిందనుకుని నేను రెండోది అడగడం మానేశాను. ఆ రోజు సంతకం పెట్టి ఉంటే నా ఫైలులో ఏ తప్పూ దొరికేది కాదు. పిల్లలు మాత్రం ఉండేవాళ్లు కాదు.