సజ్జ పెచ్చు

మా పెదనాన్న ఆఖరి మాట ఏమిటని చుట్టాలు ఇప్పటికీ అడుగుతుంటారు. దేవుడి పేరు చెబుతాననుకుని ముందే కళ్ళు తుడుచుకుంటారు. నిజానికి మాట పడిపోయే ముందు ఆయన కంచం వైపు చూసి, "ఇది మనుషులు తినేదేనా?" అన్నాడు. అన్నది మా పెద్దమ్మతో. చేపముక్క గురించి.

అవి కంట్రోలు రోజులు. యుద్ధం అయిపోయిందన్నారు, స్వరాజ్యం వచ్చిందన్నారు. బియ్యం మాత్రం రాలేదు. రేషను షాపులో ఇచ్చే బియ్యంలో రాళ్ళు ఏరగా మిగిలింది కడుపుకే చాలేది కాదు. దాన్ని నానబెట్టి, పిండి కొట్టి చేపకు పూయడమంటే ఉన్న ఒక్క పట్టుపంచె చింపి మసిగుడ్డ చేసుకోవడమే. పెద్దమ్మ ఆ పని చెయ్యలేదు. గొడవంతా అక్కడ మొదలైంది.

పెదనాన్నది మామిడికాయల వ్యాపారం. రెడ్డిగూడెం వైపు తోటలు గుత్తకు తీసుకుని, కాయ కోయించి, గడ్డి పరిచిన బుట్టల్లో సర్దించి నూజివీడు చేర్చేవాడు. కాయను బొటనవేలితో మెల్లగా నొక్కి, "పనికిరాదు" అని పక్కన పడేయడం ఆయన వృత్తి. ఇంటికొచ్చాక కూడా ఆ వేలికి సెలవుండేది కాదు. వంకాయ, పరుపు, అల్లుడి వరసవాళ్ళు, అన్నీ ఆ వేలి కింద నలిగి పక్కకు పోయినవే. ఒక్క పెద్దమ్మ వేయించిన చేపను మాత్రం నొక్కి చూసి ఊరుకునేవాడు. ఊరుకున్నాడంటే నచ్చిందని మేం లెక్కేసుకునేవాళ్ళం.

బియ్యం దొరికిన రోజుల్లో ఆమె కొరమీను ముక్కలకు ఉప్పూ కారం పసుపూ పట్టించి, పలచటి చింతపండు రసంలో ముంచి, జల్లించిన బియ్యప్పిండిలో పొర్లించి మూకుట్లో వేసేది. తెల్లగా మొదలై నింపాదిగా ఎర్రబడే ఆ పైపొరను మా ఇంట్లో పెచ్చు అనేవాళ్ళం. పెదనాన్న ముందు పెచ్చంతా వలిచి కంచం అంచున దాచుకునేవాడు. చేప తిని, అన్నం తిని, చివర మజ్జిగలోకి ఆ పెచ్చు నంజుకునేవాడు. ఆ కరకర వీధిలోకి వినపడేది. మా ఇంట్లో సంగీతం అంటే అదే.

కంట్రోలు వచ్చాక పెద్దమ్మ మొదట జొన్నపిండి పట్టించింది. పెచ్చు ఎంత గట్టిగా వచ్చిందంటే, కొరికితే అది విరగదు, లోపలి చేప జారి ఒళ్ళో పడుతుంది. "తలుపు చెక్క" అన్నాడు పెదనాన్న. తర్వాత చోడిపిండి. అది నూనెలో పడీపడగానే నల్లబడేది. వేగిందో మాడిందో తెలియక ఆమె రెండు వాయిలు పచ్చివే తీసేసింది. కొర్రరవ్వ చిటపటలాడి ఆమె మోచేతి దాకా బొబ్బలు లేపింది. వేట మాంసానికి మాత్రం జొన్నరవ్వ అద్భుతంగా పట్టింది గానీ, వేట మాంసం మా గడప తొక్కేది పండక్కే కాబట్టి ఆ విజయాన్ని చూసినవాళ్ళు లేరు.

చివరికి సజ్జలు. సజ్జపిండి నిలవుంటే చేదెక్కుతుంది. అందుకని ఆమె ఏ రోజుకారోజు గుప్పెడు సజ్జలు సన్నసెగ మీద వేయించి, తిరగలి పట్టి, మళ్ళీ మళ్ళీ జల్లించేది. ముక్కలకు పూసి వెంటనే వెయ్యకుండా కాసేపు నీడన ఆరబెట్టేది. అలా చేస్తే పెచ్చు ఊడదని ఎవరూ చెప్పలేదు, బొబ్బలే చెప్పాయి. నా మటుకు నాకు అది బియ్యప్పిండి కంటే రుచిగా ఉండేది. ఆ మాట అన్నాను కూడా.

"నీకు పళ్ళున్నాయిరా. గడ్డి పెట్టినా నములుతావు," అన్నాడు పెదనాన్న.

"నువ్వూ ఇప్పుడే నమిలెయ్ పెదనాన్నా, గడ్డికి కూడా కంట్రోలు పెడతారట," అన్నాను.

ఆయన నవ్వలేదు. ఎప్పట్లాగే పెచ్చు వలిచాడు. కానీ కంచం అంచున దాచుకోలేదు. దొడ్డిగోడ మీదికి విసిరేశాడు. ఆ రోజు నుంచి అదే వరస. మధ్యాహ్నం అయ్యేసరికి కాకులు గోడమీద బారులు తీరి కూర్చునేవి. వాటిని నేను పెదనాన్న రేషను కార్డుదార్లు అనేవాణ్ణి. ఆ షాపులో ఎన్నడూ సరుకు నిండుకున్నదిలేదు. పెద్దమ్మ పొయ్యి వైపు తిరిగి, మాకు వీపు పెట్టి కూర్చునేది. ఆమెకు తెలియదనే అనుకున్నాను.

కాపు అయిపోయి ఖాళీ బుట్టలు వరండాలో పేరుకున్న రోజుల్లో ఆయన పోయాడు. ఒక పక్కకు వాలిపోయిన నోటితో కొన్నాళ్ళు పడుకుని, ఎవరినీ నొక్కి చూడకుండా వెళ్ళిపోయాడు. ఇల్లంతా మిగలపండిన కాయల వాసన. ఈగలు. వానా రాదు, ఎండా కాయదు, ఒకటే ఉమ్మదం. పరామర్శకు వచ్చినవాళ్ళు ఏడవడానికి నోరు తెరిస్తే ఈగ దూరుతుందని ముక్కుతోనే కానిచ్చారు.

పిల్లల్లేరు కాబట్టి కర్మ మా నాన్న చేతుల మీదే జరగాలి. పెద్దదినం నాడు పోయినవాళ్ళకు ఇష్టమైనవన్నీ వండి, విస్తట్లో పెట్టి గోడమీద ఉంచుతాం. కాకి ముట్టాలి. ముడితే పోయిన మనిషి వచ్చి తిన్నట్టు. ముట్టకపోతే ఏదో కోపం మిగిలినట్టు. అది ముట్టేదాకా బంధువులెవరూ మెతుకు నోట పెట్టకూడదు.

"బియ్యప్పిండి చేప పెడతాను," అంది పెద్దమ్మ. ఆ రోజుల్లో ఆమె మాట్లాడిందల్లా ఇంచుమించు అదే.

ఆ పిండి కోసం తన వాటా బియ్యం పక్కన పెట్టి, పూటపూటా సజ్జ సంకటి తింది. నాన్న చూడలేకపోయాడు.

"వదినా, వచ్చే చుట్టాలు ఎవరి బియ్యం వాళ్ళు మూటగట్టుకుని తెస్తున్నారు. అందులో దోసెడు తీసుకుంటే సరిపోదూ? నువ్వు ఇలా ఎండటం దేనికి?"

"ఆకలితో పోయాడయ్యా మీ అన్న. నా చేతి తిండిని తిట్టుకుంటూ పోయాడు. ఊరివాళ్ళ బియ్యంతో పెడితే చల్లబడతాడా?"

"ఆయన చల్లగా ఉన్నది ఎప్పుడు పెద్దమ్మా?" అన్నాను. నాన్న నావైపు చూసిన చూపుకు అర్థం, కర్మ అయిపోయాక నీ పని చెబుతాను అని.

పెద్దదినం నాడు ఆమె పిండి తనే కొట్టింది, తనే జల్లించింది, ఎవరినీ పొయ్యి దగ్గరకు రానివ్వలేదు. బియ్యప్పిండివి రెండే ముక్కలు. ఒకటి విస్తట్లో, ఒకటి మూకుట్లో. గోడమీద విస్తరి ఎక్కించి అందరం చేతులు కట్టుకుని నిలబడ్డాం. కాకులు వచ్చాయి. చింతచెట్టు మీద కూర్చున్నాయి. చూశాయి. దిగలేదు.

అప్పుడు హామీలు మొదలయ్యాయి. పోయినాయన మనసులో ఏముందో కనిపెట్టి ఒక్కొక్కరూ మాటివ్వడం మావాళ్ళ పద్ధతి.

"అన్నయ్యా, వదినని నా దగ్గరే ఉంచుకుంటాను," అన్నాడు నాన్న. కాకి కదల్లేదు.

"నీ సైకిలు అమ్మం." కదల్లేదు.

"ఆ సైకిలుకి చక్రాలు లేవని ఆయనకు తెలుసుగా నాన్నా," అన్నాను.

"నోరు ముయ్యరా వెధవా."

పొద్దు నడినెత్తి దాటింది. బాపులపాడు నుంచి వచ్చిన ముసలి చుట్టం ఒకాయన ఆకలికి తాళలేక గోడకు ఆనుకుని కూలబడ్డాడు. పక్కింటావిడ కొంగు నోట్లో కుక్కుకుంది. పెద్దమ్మ ముఖం ఒక్కసారి చూసి నేను కాకుల వైపు తిరిగాను. ఆమె విస్తట్లోని ఆ బియ్యప్పిండి ముక్కనే చూస్తోంది, రైలు తప్పిపోయినవాళ్ళు పట్టాలకేసి చూసినట్టు.

ఉన్నట్టుండి లోపలికి వెళ్ళింది. తిరగలి చప్పుడు వినిపించింది. తర్వాత నూనె చప్పుడు. సజ్జ పెచ్చు చేపతో వచ్చి, ఆ పెచ్చు వలిచి, విస్తట్లో బియ్యప్పిండి చేప పక్కన పెట్టి వెనక్కి జరిగింది.

ఆమె చెయ్యి గోడ దిగీదిగకముందే కాకులు వాలాయి. ఒకటి కాదు, బారంతా. సజ్జ పెచ్చు ముక్కలు ముక్కలుగా ఎగిరిపోయింది. బియ్యప్పిండి ముక్కను ఒక్క కాకీ ముట్టలేదు.

"అయ్యో పిన్నిగారూ!" అని పక్కింటావిడ బావురుమంది. "మీ చేతి సజ్జ పెచ్చంటేనే ఇష్టమండీ ఆయనకి! పైకి చెప్పుకోలేకపోయాడు మహానుభావుడు!"

అందరూ ఏడ్చారు. నాన్న కూడా ఏడ్చాడు. ఈసారి ఈగల్ని ఎవరూ లెక్కచెయ్యలేదు. వచ్చినవి పెదనాన్న రేషను కార్డుదార్లనీ, రోజూ తినే సరుకు చూసి దిగాయనీ నా నాలుక చివర ఉంది. ఆకలేస్తోంది. అందుకని మింగాను. విస్తళ్ళు వేశారు.

సాయంత్రం చుట్టాలు వెళ్ళిపోయాక పెద్దమ్మ దొడ్లో బూడిదతో మూకుడు తోముతోంది. నేను వెళ్ళి బావిగట్టు మీద కూర్చున్నాను. జోకు వెయ్యడం తప్ప ఓదార్చడం నాకు చేతకాదు. అయినా పక్కింటావిడ మాటలే అరువు తెచ్చుకున్నాను.

"చూశావా పెద్దమ్మా, వచ్చాడు. సజ్జ పెచ్చు కోసమే వచ్చాడు."

ఆమె తోమడం ఆపలేదు.

"ఆయన రాలేదురా. కాకులొచ్చాయి."

నేను దొడ్డిగోడ వైపు చూశాను.

"రోజూ గోడమీదికి విసిరేవాడుగా. నాకు వీపుకి చెవుల్లేవనుకున్నారా ఇద్దరూ?" మూకుడు కడిగి బోర్లించింది. "బాపులపాడు ముసలాయన కళ్ళు తేలేస్తున్నాడు. ఎంతసేపని నిలబెడతాం జనాన్ని? వాటికేం కావాలో నాకు తెలుసు, పెట్టాను. ఆయనకి కావాల్సిందీ పెట్టాను. ఆయన రాలేదు."

ఆ గొంతులో ఏడుపు లేదు. కాయ నొక్కి పక్కన పడేసిన గొంతు. ఇన్నేళ్ళ కాపురంలో ఆయన దగ్గర నేర్చుకుందేమో.

కాసేపటికి లేచి వంటింట్లోంచి ఆకుదొప్ప తెచ్చి నా ఒళ్ళో పెట్టింది. మూకుట్లో మిగిలిన రెండో ముక్క. పైన బియ్యప్పిండి పెచ్చు, ఉమ్మదానికి చెమ్మగిల్లి.

"తినరా. పారెయ్యకూడదు, అది రేషను బియ్యం."

కొరికాను. చప్పుడు రాలేదు. పొద్దుట ఎలా ఉందో గానీ, అప్పటికి తడిసిన కాగితంలా మెత్తబడిపోయింది. ఆమె నా నోటివంకే చూస్తూ నిలబడింది.

"ఎలా ఉంది?"

"బాగుంది పెద్దమ్మా."

"అబద్ధం," అంది. కానీ నేను మొత్తం తినేదాకా కదల్లేదు.