అమ్మ పై చెవి

మా అమ్మ చెవులు వాళ్ల మేనమామ కుట్టించాడు. ముక్కు, పెళ్లికి ముందు వాళ్లమ్మ కుట్టించింది. రెండుసార్లూ ఆమెను ఎవరూ అడగలేదు. నేను కనుబొమ్మ కుట్టించుకుని రింగు పెట్టుకుంటే మాత్రం రోజుల తరబడి తిట్టింది. అలాంటి మనిషి ఒక మధ్యాహ్నం గోదావరిఖని చౌరస్తాలో, పార్లర్ ముందు ఆగిపోయింది.

"నాక్కూడ పై చెవికి ఒకటి కుట్టిపియ్యరాదు బిడ్డా."

"ఎందుకే?"

"ఉట్టిగనే. నాకు మంచిగనిపిచ్చింది."

మెషిన్ టక్కుమని చిన్న పోగు దిగగానే "అమ్మో" అని నా చెయ్యి నొక్కేసింది. ఆ తర్వాత అద్దం వదిలితే ఒట్టు! నాన్న బొగ్గుబాయిలో డ్యూటీ దిగి క్వార్టర్‌కు వచ్చి, "ఏందే, ముసలితనంల గీ షోకులు?" అని నవ్వాడు. "నా చెవు, నా ఇష్టం" అంది అమ్మ. ఆమె నోట అలాంటి మాట నేనెప్పుడూ వినలేదు.

ఆ ఎండాకాలమే నాన్నకు డ్యూటీలో గుండెనొప్పి వచ్చింది. దవాఖానకు తీసుకుపోయారు. ఇంటికి శవమే వచ్చింది.

దినాల నాడు గోదావరి ఒడ్డున ఆడవాళ్లు అమ్మను చుట్టుముట్టారు. గాజులు పగలగొట్టారు, పుస్తెలు తెంపారు, మెట్టెలు, ముక్కుపుడక తీశారు. అమ్మ కదలకుండా కూర్చుని అన్నీ ఇచ్చేసింది. మా మేనత్త చెయ్యి పై చెవి మీదికి పోగానే మాత్రం అరచేత్తో మూసుకుంది.

"గిది మీ తమ్ముడు పెట్టింది కాదు వదినె. నేను పెట్టుకున్న."

అక్కడ అందరూ ఆగిపోయారు. పై చెవికి పద్ధతేమిటో ఒక్కరికీ తెలియదు మరి! తీయాలని ఒకామె, అక్కర్లేదని ఇంకొకామె. నాకు ఒళ్లు మండిపోయింది.

"ఉంచుకోనియ్యి అత్తా, నీ సొమ్మేం పోతది?" అని అరిచాను.

"నువ్వు ఊకో పిల్లా. మొగడు పోయినా సోకు పోలేదని రేపు నలుగురు అంటరు. ఆ మాటలు పడేది మీ అమ్మనే" అంది అత్త. అంటూనే బావురుమంది. పోయింది ఆమె తోడబుట్టినవాడు. ఆ ఏడుపు చూసి అమ్మ చెయ్యి దించేసింది.

కుట్టించి ఎంతో కాలం కాలేదు కాబట్టి పోగు తీశాక రంధ్రం తొందరగానే పూడిపోయింది. మొన్న బజారుకు పోయినప్పుడు, "రావే, మళ్ల కుట్టిపిస్త" అన్నాను. అమ్మ తల అడ్డంగా ఊపి, పై చెవి మీద పూడిన చోటు తడుముకుంది.

"మీ నాయిన పోయిండని ఏడిస్తే అందరు పట్టుకొని ఓదార్చిన్రు. గీదానికి ఏడుస్త అంటె, ఎవలకు చెప్పుకోవాలె బిడ్డా?"