నిలబడ్డ రోకలి

నిన్న గ్రహణానికి పక్కింటివాళ్లు ఇత్తడి తాంబాళంలో నీళ్లు పోసి రోకలి నిలబెట్టారు. అది పడితే గ్రహణం విడిచినట్టట. చూడలేక తలుపు మూసుకున్నాను.

నా ఏడో ఏట, కోరుట్లలో అమ్మమ్మ ఇంట్లో ఉండగా ఇలాగే మధ్యాహ్నం మసకపడింది. లోపల అమ్మకు నొప్పులు.

"సస్తున్ననే అవ్వా, దవఖానకు తీస్కపో!"

"రోకలింక పడలే. గిప్పుడు గడప దాటితే పిల్లగానికి పెదవి మొర్రి వస్తది. ఓర్సుకో బిడ్డా," అంది అమ్మమ్మ.

సూర్యుణ్ణి వాకిట్లో నిలబెట్టిన ఆ రోకలే పట్టుకుందనుకున్నాను. ఏడుస్తూ రెండు చేతులా తోసేశాను. చప్పుడుకు అమ్మమ్మ వాకిట్లోకి ఉరికొచ్చింది.

"విడిసింది! ఆటో పిలువుండ్రి!"

ఆటోలోంచి తలెత్తి చూస్తే సూర్యుడు ఇంకా సగమే ఉన్నాడు.

అమ్మ దక్కింది. తమ్ముడి పెదవులు ఏ మొర్రీ లేకుండా చక్కగా ఉన్నాయి. ఊపిరే లేదు.

ఆ రోకలి ఎప్పుడు తోసినా పడేదే.