గోంగూర మడికి దక్కిన న్యాయం

కెనడాలోని గ్వెల్ఫ్‌లో మా పక్కింటి అంకుల్ ఆంధ్రాలో తహసీల్దారుగా చేసి రిటైరయ్యారు. ఇప్పుడు కూతురి దగ్గర ఉంటూ, వెనక ఫెన్స్ దాటి సిటీ పార్కు స్థలంలో గోంగూర మడి వేశారు. ఆక్రమణ తీసేయమని సిటీ నుంచి నోటీసు వచ్చింది. తన వాదన వినకుండా ఎలా తీయమంటారని మండిపడి ఆయన అప్పీలు చేశారు. ఇవాళ ఆ విచారణకి నేనే డ్రైవ్ చేసి తీసుకెళ్లాను.

అక్కడి అధికారిణి ఓపికకి దండం పెట్టాలి. మట్టి గుణం దగ్గర్నుంచి గోంగూర పచ్చడి దాకా ఆయన చెప్పిందంతా వింది. ఈ కాపు అయ్యేదాకా మడి ఉంచుకోమంది.

కారెక్కాక అంకుల్, "మనిషి చెప్పేది వినకుండా చెయ్యి వేయకూడదమ్మా. అదీ న్యాయమంటే" అన్నారు.

"మీ సర్వీసులో గుడిసెలు తీయించినప్పుడు కూడా ఇలాగే వినేవారా అంకుల్?" అని అడిగాను.

ఆయన నవ్వేశారు. "అక్కడ ఇవన్నీ ఎక్కడ కుదురుతాయమ్మా? వాళ్లు కూలికెళ్లాక, పాత తేదీ వేసిన నోటీసు తలుపుకి అంటించి, ఫోటో తీసి, చింపేసేవాళ్లం. ఫైల్లో ఫోటో ఉంటే చాలు. తెల్లారితే జేసీబీ."

గోంగూరకి దక్కిన విచారణ గుడిసెకి దక్కలేదన్న మాట.

ఇంటి దగ్గర దిగుతూ, సాయంత్రం ఓ కట్ట కోసి పంపిస్తానన్నారు. నాకొద్దన్నాను. "ఏం, ఎందుకమ్మా?" అని అడిగి, జవాబు వినకుండానే లోపలికి వెళ్లిపోయారు. సర్వీసు నాటి అలవాటు మరి.

మీరైతే ఆ గోంగూర తీసుకునేవారా?