కోవిల్‌పట్టిలో ఒక నెమ్మది నడక

విరుదుపట్టిని విరుదునగర్ అనడం అప్పటికింకా కొత్త. పత్తి బేరానికి గుంటూరు నుంచి వెళ్లి, అక్కడ పని చూసుకుని రైలెక్కి కోవిల్‌పట్టిలో దిగాను. మా ఆవిడ పోయి నాలుగు నెలలైంది.

నాతో పాటు దిగిన ముసలి రైతు ఒకాయన మూట భుజాన వేసుకుని మరీ నెమ్మదిగా నడుస్తున్నాడు. కాళ్ల నొప్పులేమో అనుకుని, వచ్చీరాని తమిళంలో మూట ఇమ్మన్నాను. ఆ చుట్టుపక్కల తరతరాలుగా స్థిరపడ్డ తెలుగువాళ్లలో ఒకడైన ఆయన నా యాస పట్టేసి తెలుగులోనే బదులిచ్చాడు.

"కాళ్లు బాగానే ఉండాయి నాయనా. ముప్పై ఏండ్లు నేను మడక దున్నితే, నా పెండ్లాము వెనకాలే చాల్లో విత్తులు వేస్తా వచ్చె. ఆమె చేతికి తగినట్టు ఎద్దుల్ని మెల్లగా తోలాల. బిరబిరా పోతే విత్తు చాలు తప్పి పడతాది. ఆ నడకే అలవాటై, పళక్కమైపాయ."

"ఆమె ఊళ్లో ఉన్నారా?" అని అడిగాను.

"పోయిన విత్తులకాలానికి ముందే చచ్చిపాయ. కాళ్లకు ఎవురు చెప్పేది?"

మా ఆవిడ నాతో బజారుకు వచ్చినప్పుడల్లా వెనక నుంచి "కాస్త ఆగండి" అనేది. నేను మలుపు దగ్గర నిలబడి విసుక్కునేవాణ్ణి.

ఆయన మూట ఇవ్వలేదు. ఆ ఎండలో బజారు దాకా ఆయన పక్కనే నడిచాను. అంత నెమ్మదిగా మా ఆవిడతో ఒక్కనాడూ నడవలేదు.