బుడమకాయ రుచి చెప్పమంటే

బొగ్గింజను రోజులవి. బందరు నుంచి గుడివాడ వెళ్లే పాసింజరులో దివిసీమ పెద్దావిడ ఒకరు నా ఎదుట కూర్చున్నారు. ఒడిలో బుట్టనిండా బుడమకాయలు. ఎవరూ నాటకుండానే చేలగట్ల మీద పాకే తీగల కాయలవి. మద్రాసులో పెరిగిన నేను చూడడం అదే మొదలు.

ఆవిడ చాకుతో ఒక కాయ కొన కోసి నా చేతిలో పెట్టారు. "కాస్త రుచి చూసి చెప్పండి బాబూ."

పరాయివాడికి చేసే మర్యాద కాబోలని పొంగిపోయాను. నమిలితే పరమ చేదు. కళ్ల నీళ్లు ఆపుకుని, "అమృతమండీ" అన్నాను. ఆవిడ ఆ కాయను సంచిలో వేసి ఇంకో ముక్క కోసిచ్చారు. అదీ అమృతమే అన్నాను. అలా చాలా కాయలు సంచిలోకి చేరాక ఇక తట్టుకోలేక, "మీవాళ్లకి ఉంచండమ్మా" అన్నాను.

"మా అమ్మాయికేనండీ. గుడ్లవల్లేరులో ఉంది, కడుపుతో. బుడమకాయ పులుసు తినాలనుందని కబురెట్టింది. ఒక్క చేదుకాయ పడితే కుండంతా పోద్ది. పొద్దుట్నించీ చూసిచూసి నా నోరు మొద్దుబారింది. అందుకే మిమ్మల్ని చూడమన్నా."

"అయ్యో! వాటిలో చాలావరకు చేదేనండీ!"

"మరి అమృతమన్నారే?"

"మీరు నొచ్చుకుంటారని..."

ఆవిడ నన్ను ఎగాదిగా చూశారు. "ఇంతకీ ఏం చేస్తుంటారు బాబూ?"

"పత్రికలో రాస్తానండీ."

ఆవిడ సంచి అందుకున్నారు. నేను మెచ్చుకున్న కాయలన్నీ కిటికీలోంచి బయటికి కుమ్మరించారు. వాటిలో ఒకటి నిజంగానే బాగుంది. చెప్పినా నమ్మరని ఊరుకున్నాను.